జమిడిక మీద నడిచే కథ

రేణుక పొద్దున్నే ఏటికి పోతుంది. తడి ఇసుక తీసి కుండ చేస్తుంది. పామును చుట్టి నెత్తిన కుదురుగా పెట్టుకుంటుంది. దాని మీద కుండ, కుండ నిండా నీళ్ళు, నేరుగా జమదగ్ని ఆశ్రమానికి. ఎల్లమ్మ కథ చెప్పే బైండ్లాయన ఈ పనులన్నీ ఒకే వరసలో చెప్తాడు. మర్నాడు మళ్ళీ అదే వరస. ఆ మర్నాడూ అంతే. ఏ పని తర్వాత ఏ పని వస్తుందో వినేవాళ్ళ చెవికి ముందే తెలిసిపోతుంది. అప్పుడొక రోజు, ఏట్లో జలకాలాడుతున్న గంధర్వుణ్ణి ఆమె చూస్తుంది. మాటలు పాతవే మొదలవుతాయి. ఏరు వచ్చింది, ఇసుక వచ్చింది, చేతులు ఇసుకలోకి వెళ్ళాయి. కుండ నిలవలేదు.

ఆమె మనసు చలించిందని వేరే వివరించనక్కర్లేదు. నిన్నటిదాకా నిలిచిన ఇసుక ఇవాళ జారిపోయిందంటే చాలు. ఒట్టి చేతులతో గుమ్మంలో నిలబడ్డ భార్యను చూసి జమదగ్నికి అర్థమైనట్టే మనకూ అర్థమవుతుంది. ముందు రోజులన్నీ ఒక్క తీరుగా చెప్పి ఉండకపోతే ఈ విరుపుకు బలమే లేదు. పుస్తకాలకు అలవాటుపడ్డవాళ్ళం పాటలో చెప్పిందే చెప్తుంటే విసుక్కుంటాం, అచ్చులో కనబడితే పేజీ తిప్పేస్తాం. నోటి కథ పనితనమంతా ఆ చెప్పిందే చెప్పడంలో ఉందని నా నమ్మకం. కథ బరువు మోసేది ఆ వరసలే.

ఈ కథ తల్లి, రేణుక ఎల్లమ్మ, హైదరాబాద్ అమీర్‌పేటకు దూరాన లేదు. మియాపూర్–ఎల్బీనగర్ మెట్రో దారి, నాగోల్–రాయదుర్గం దారి కలిసే అమీర్‌పేట స్టేషన్ నుంచి బల్కంపేట ఎల్లమ్మ గుడికి నడిచిపోవచ్చు. అక్కడ అమ్మవారు నేలమట్టానికి దిగువన, బావిలో కొలువై ఉంటుంది. ఆషాఢంలో మంగళవారం నాడు కల్యాణం జరిపిస్తారు. ఆ రోజు పంజాగుట్ట నుంచి, సనత్‌నగర్ నుంచి, ఎక్కడెక్కడి బస్తీల నుంచో జనం కదిలొస్తారు. సాఫ్ట్‌వేర్ కోర్సుల కరపత్రాలు పంచే రోడ్లకు అంత దగ్గరలోనే బోనాలెత్తుకున్న ఆడవాళ్ళు, వేపమండలు పట్టిన శివసత్తులు నడుస్తారు. వరంగల్, నల్లగొండ, కరీంనగర్ పల్లెల నుంచి కోచింగ్‌కు వచ్చి అమీర్‌పేట హాస్టళ్ళలో ఉంటున్న పిల్లల్లో చాలామందికి ఆ చప్పుడు కొత్త కాదు. ఊళ్ళో ఎల్లమ్మ కొలుపంటే పట్నం ముగ్గు, బైండ్లవాళ్ళు, రాత్రంతా కథ.

ఆ కథకు తోడు జమిడిక. చూడ్డానికి చిన్న వాయిద్యం. డొల్లగా ఉన్న గుండ్రటి కట్టుకు ఒకవైపు తోలు బిగించి ఉంటుంది. తోలు నడుమ నుంచి ఒక తీగ వస్తుంది. కట్టును చంకలో అదిమిపట్టి, తీగ రెండో కొసను చేత్తో లాగి పట్టి మీటుతారు. లాగితే స్వరం పైకి పోతుంది, సడలిస్తే కిందికి జారుతుంది. దరువు వేస్తూనే గొంతులా సాగే గుణం దానికుంది. కథకుడు మాట విడిచి ఆగాడంటే జమిడిక ఆ మాట సాగును అందుకుంటుంది. అడిగినట్టూ పలుకుతుంది, మూలిగినట్టూ పలుకుతుంది. ఈలోపు కథకుడు తర్వాతి చరణం కుదుర్చుకుంటాడు. విన్న మాట లోపలికి దిగడానికి మనకు సమయం దొరుకుతుంది. ఒక్క మూలుగుతో రెండు పనులు జరిగిపోయే ఆ పొదుపంటే నాకు చెప్పలేనంత ముచ్చట.

కుండ నిలవకపోయాక ఏమైంది? మహాభారతం అరణ్యపర్వంలో ఇది కొద్ది శ్లోకాల్లో ముగిసిపోయే సంగతి. తల్లిని చంపమని జమదగ్ని కొడుకులను ఆజ్ఞాపించాడు, పెద్దవాళ్ళు నలుగురూ కదల్లేదు, శాపం తగిలింది, ఐదోవాడు పరశురాముడు గొడ్డలెత్తాడు. రాసిన కథలో ఆ నలుగురూ ఒక గుంపు. పాడే కథకు గుంపు పనికిరాదు. ఒక్కొక్క కొడుకునూ పిలవాలి, అదే ఆజ్ఞ ఇవ్వాలి, అదే నిరాకరణ వినాలి. మారేది పిలుపు ఒక్కటే. ఇక్కడ పునరుక్తి చేసే పని కుండ దగ్గర చేసినదానికి తలకిందులు. అక్కడ నిలకడను నమ్మించి విరిచింది. ఇక్కడ ఒక్కొక్క నిరాకరణతోనూ రేణుకకు ఒక్కొక్క దారి తెరిచి, చివరివాడి దగ్గర అన్నీ మూసేస్తుంది. మొదటి కొడుకు కాదన్నప్పుడు ఊపిరి పీల్చుకున్న శ్రోత, మూడోవాడి దగ్గరికొచ్చేసరికి లెక్కపెట్టడం మొదలుపెడతాడు. ఇంకెందరు మిగిలారు?

ఇంగ్లండు, స్కాట్లండు కథాగేయాల్లో ఇదే కట్టుబడితో ఒకటుంది. ఉరికంబం కింద ఒక పిల్ల. కాసేపు ఆగమని బతిమాలుతుంది, దూరాన తండ్రి వస్తున్నాడని. నన్ను విడిపించడానికి బంగారం తెచ్చావా అని అడిగితే లేదు, నీ ఉరి చూద్దామని వచ్చానంటాడు. తర్వాత తల్లి, అన్న, చెల్లి. అదే ప్రశ్న, అదే జవాబు. ఆఖరున ప్రియుడొచ్చి బంగారం ఇచ్చి విడిపిస్తాడు. పిల్ల చేసిన నేరమేమిటో చాలా పాఠాల్లో ఉండదు. ఊరి పేరుండదు. వరస ఒక్కటే ఉంటుంది, ఆ వరసే మనల్ని ఉరికంబం దగ్గర నిలబెడుతుంది. ఇలా పెరుగుతూ పోయే పునరుక్తిని ఈ పాటల ముఖ్య లక్షణంగా కథాగేయాల పండితుడు ఫ్రాన్సిస్ గమ్మియర్ 1907లో గుర్తించాడు. కథ ఒకచోట తీరిగ్గా నిలబడి మరోచోట అంగలు వేస్తుందని కూడా ఆయన గమనించాడు. రేణుక కథలో ఏటి ఒడ్డున అంతసేపు నిలబడి, గొడ్డలి వేటును ఒక్క గుక్కలో దాటేయడం సరిగ్గా ఈ నడకే.

ఆ ఉరికంబం పాటకు 95వ సంఖ్య వేసినవాడు ఫ్రాన్సిస్ జేమ్స్ ఛైల్డ్. 1825లో బోస్టన్‌లో ఓడల తెరచాపలు కుట్టే ఇంట పుట్టి హార్వర్డ్ ఆచార్యుడయ్యాడు. 1882 నుంచి 1898 దాకా భాగాలు భాగాలుగా వెలువడిన ఆయన సంకలనంలో 305 పాటలున్నాయి. చివరి భాగం అచ్చయ్యేనాటికి ఆయన లేడు. ఒక పాటకు ఎన్ని పాఠాలు దొరికితే అన్నిటినీ ఏ, బీ, సీ అని గుర్తులు పెట్టి పక్కపక్కన అచ్చువేశాడు. ఇది అసలు, అది చెడిపోయిన రూపం అని ఒకదాన్ని ఎత్తిపెట్టి తక్కినవి పారేయలేదు. నాకు ఆయన మీదున్న గౌరవమంతా ఈ ఒక్క నిర్ణయం వల్లనే. ఛైల్డ్ పుట్టిన సరిగ్గా వందేళ్ళకు, 1925లో, వరంగల్ ప్రాంతంలోని దేవునూరులో బిరుదురాజు రామరాజు పుట్టారు. ఆయన పరిశోధన ‘తెలుగు జానపద గేయ సాహిత్యము’ ఉస్మానియాలో తెలుగుశాఖకు మొదటి డాక్టరేటు తెచ్చింది, 1958లో పుస్తకమైంది. పండితులు ఛందస్సు గురించి మాట్లాడినంత శ్రద్ధగా పల్లెపాట నడక గురించి మాట్లాడవచ్చని విశ్వవిద్యాలయంలో నిరూపించిన పుస్తకమది.

ఛైల్డ్ పనిలో ఒక లోటుంది, చెప్పుకోవాలి. ఆయన ఎక్కువగా రాతప్రతుల మధ్య, అచ్చుకాగితాల మధ్య పనిచేశాడు. బాణీలు చాలా తక్కువ ఇచ్చాడు. ఆ పాటల రాగాలను బెర్ట్రాండ్ బ్రాన్సన్ నాలుగు సంపుటాలుగా తేవడానికి 1959 నుంచి 1972 దాకా పట్టింది. అంతకు చాలా ముందు, 1802 ప్రాంతంలో, వాల్టర్ స్కాట్ స్కాట్లండు సరిహద్దు పాటలు అచ్చువేస్తున్నప్పుడు, జేమ్స్ హాగ్ అనే గొర్రెలకాపరి కవి తల్లి స్కాట్‌ను నిలదీసిందట. ఇవి పాడుకోడానికి పుట్టాయిగాని చదువుకోడానికి కాదని, అచ్చువేసి వాటిని పాడుచేశావని ఆమె బాధ. హాగే ఈ సంగతి రాశాడు. జమిడిక విన్నవాళ్ళకు ఆ తల్లి మాటలో సగం సత్యం వెంటనే తెలుస్తుంది. కాగితం మీద ఎల్లమ్మ కథలో మాట ఉంటుంది, మాటకూ మాటకూ మధ్య తీగ లాగిన చోటు ఉండదు. మిగతా సగం నేనొప్పుకోను. అచ్చువేయబట్టే ఆమె పాడిన పాటల గురించి ఇవాళ మనం మాట్లాడుకోగలుగుతున్నాం.

కథలో అన్నిటికన్నా సాహసమైన పనితనం తలల మార్పు దగ్గరుంది. రేణుకతోపాటు ఆమెకు అడ్డుపడ్డ మాదిగ ఆడబిడ్డ తల కూడా తెగుతుంది. తండ్రి వరమిచ్చాక పరశురాముడు తొందరలో ఒకరి తల మరొకరి మొండేనికి అతికిస్తాడు. ఇద్దరూ లేస్తారు. మహాభారతంలో ఈ ఘట్టం లేదు, ఇది జనం కట్టిన జాగా. ఎవరు తల్లి, ఎవరు కాదు? ఏ ఇంటిది, ఏ కులానిది? కథ తీర్పు చెప్పదు. ఇద్దరినీ దేవతలను చేసి మొక్కమంటుంది. ఇంత పెద్ద ప్రశ్నను ఒక పొరపాటు చేతిపనిలో పెట్టి, ఎవరికీ ఉపన్యాసం ఇవ్వకుండా, రాత్రి మూడో జాము దాకా జనాన్ని కూర్చోబెట్టడం ఏ మహాకవికైనా గర్వకారణమే.

వరసల బలం చూపే పాట ఇంకొకటి ఎల్లమ్మ నీడనే ఉంది. గౌడులకు ఎల్లమ్మ కులదైవం. ఆ ఇంటి బిడ్డ సర్వాయి పాపన్న మొగలుల కాలంలో కోటలు కొట్టి, 1708లో వరంగల్‌ను దోచి, 1710లో ప్రాణమిచ్చాడు. హుస్నాబాద్‌లోని ఎల్లమ్మ గుడి ఆయన కట్టించిందేనని జనం చెప్పుకుంటారు. ఆయన మీది పాటను జె.ఎ. బాయిల్ అనే మద్రాసు సివిల్ ఉద్యోగి సేకరించి 1874లో ‘ఇండియన్ యాంటిక్వెరీ’ పత్రికలో తెలుగు కథాగేయాల మీద రాసిన వ్యాసంలో అచ్చువేశాడు. ఛైల్డ్ సంకలనం మొదటి భాగం రావడానికి ఎనిమిదేళ్ళ ముందు మాట ఇది. చరిత్రకారుడు రిచర్డ్ ఈటన్ 2005లో దక్కన్ సామాజిక చరిత్ర రాస్తూ పాపన్నకు ఒక అధ్యాయమంతా ఇచ్చాడు. ఖాఫీఖాన్ పారశీక చరిత్రను ఒక చేత, ఈ పాటను ఇంకో చేత పట్టుకుని చదివాడు. రెండింటి తేడా చూడండి. పారశీక చరిత్ర ముట్టడులు లెక్కపెడుతుంది. పాట మాత్రం తల్లీకొడుకుల వాదంతో నడుస్తుంది. కులవృత్తి చూసుకోమని తల్లి, తన దెబ్బ గోల్కొండ మీదనేనని కొడుకు. సైన్యం సంగతి వచ్చినప్పుడు పాట అంకె చెప్పదు, పేర్లు చెప్తుంది. చాకలి, మంగలి, కుమ్మరి, మేదరి, దూదేకుల, ఎరుకల. ఒక్కో పేరు ముందు ఒక్కో పని. ఆ జాబితా వింటున్న ఊళ్ళో ప్రతి వాడకట్టుకూ తన మనిషి ఆ దండులో కనబడతాడు. ఛైల్డ్ పుస్తకంలో 117 నుంచి 154 దాకా రాబిన్‌హుడ్ పాటలే. అడవిలో అతని వెంట ఉన్నవాళ్ళనూ ఆ పాటలు పేర్లతోనే గుర్తుపెట్టుకున్నాయి. కాని ఒక ఊరి చేతిపనులన్నిటినీ దండుగా నిలబెట్టడం పాపన్న పాటకే చెల్లింది.

బల్కంపేట కల్యాణం రోజున ఇప్పుడు మైకుల్లో వినబడేవి ఎక్కువగా రికార్డు చేసిన ఎల్లమ్మ పాటలు. వాటిలోనూ జమిడిక ఉంటుంది, గొంతుల్లో జీవముంటుంది. వాటిని తక్కువ చేయను. కాని రికార్డు పాట నిడివి మారదు. కొలుపులో కథకుడికి కథ పొడవు చేతిలో ఉంటుంది. పిల్లలు నిద్రకు తూగుతుంటే ఏటి ఒడ్డున ఒక రోజు తగ్గిస్తాడు. ఆడవాళ్ళు కళ్ళు తుడుచుకుంటుంటే కొడుకుల దగ్గర ఆగి, పిలుపును సాగదీస్తాడు. వరసలు కంఠతా ఉన్నాయి కాబట్టే ఎక్కడ విప్పాలో ఎక్కడ ముడవాలో అప్పటికప్పుడు తేల్చుకోగలడు. కంఠస్థం ఆయన్ను కట్టేయలేదు, ఆయనకు చెయ్యి తిరిగేలా చేసింది.

కొన్ని పాఠాల్లో ఎల్లమ్మ తలదాచుకోడానికి ఇల్లిల్లూ తిరుగుతుంది. మాదిగ ఇంట తోలు నానే లంద చాటున చోటు దొరుకుతుంది. ఆమె ముందు ఏ ఇంటి తలుపు తట్టింది, ఎవరు పొమ్మన్నారు, ఎవరు మంచినీళ్ళయినా ఇచ్చారు అన్నవి పాడే మనిషిని బట్టి, కొలుపు చేయించుకునే ఇంటిని బట్టి మారగలిగే సంగతులు. అందుకే ఈ కథకు ఛైల్డ్ పద్ధతిలో, పాఠాలన్నీ పక్కపక్కన పెట్టిన పుస్తకం ఒకటి కావాలని నా కోరిక. ఒక్కో పాఠానికీ పాడినవాళ్ళ పేరు, ఊరు, ఎవరింటి కొలుపు, కథ ఎంతసేపు నడిచింది, జమిడిక ఎక్కడెక్కడ అందుకుంది అన్నవి రాయాలి. వెంట పూర్తి రాత్రి రికార్డు ఉండాలి. జిల్లా జిల్లా పిల్లలు చేరిన అమీర్‌పేటలోనే ఈ పని మొదలుపెట్టొచ్చు, మీ ఊళ్ళో ఎల్లమ్మ ముందు ఎవరి గడప తొక్కిందని హాస్టల్ గదుల్లో అడుగుతూ.