కెమెరా ఎన్నుకున్న ముఖం

ఆటస్థలంలో ప్రేక్షకుడికి ఇదివరకు ఒకే పాత్ర: టిక్కెట్టు కొని ఆట చూడడం. టెలివిజన్ వచ్చాక చూసేవాడే చూపబడే వస్తువు కూడా అయినాడు. సామాన్యుడికి కీర్తి దక్కితే తప్పేమిటి, ఇది కీర్తి విషయంలో ప్రజాస్వామ్యం కాదా అని కొందరు మిత్రులు అడుగుతున్నారు. ఇది తోసిపుచ్చదగ్గ ప్రశ్న కాదు. అంచేత కొన్ని ఉదాహరణలు పరిశీలిద్దాం.

2019 జూన్ 12న ఇంగ్లండులోని టాంటన్‌లో ఆస్ట్రేలియా, పాకిస్తాన్ జట్లు ప్రపంచకప్ క్రికెట్ ఆడాయి. పాకిస్తాన్ ఫీల్డరు వార్నర్ క్యాచి జారవిడిచాడు. వెనక ఒక అభిమాని నడుంమీద చేతులు వేసుకుని నిస్పృహగా నిలబడ్డాడు. కెమెరా కొద్ది క్షణాలే చూపినా, ఆ బొమ్మ దేశదేశాల ఫోన్లలో తిరిగింది. ఒకరి నిరాశలో లక్షలమంది తమ నిరాశను గుర్తుపట్టారు. ఇందులో మెచ్చదగింది లేకపోలేదు.

అదే యేడు జూలై 2న బర్మింగ్‌హామ్‌లో భారత్, బంగ్లాదేశ్ ఆటలో బూర వూదుతూ కేరింతలు కొట్టిన 87 యేళ్ల వృద్ధురాలిని కెమెరా పట్టుకుంది. ఆట ముగిశాక కోహ్లీ, రోహిత్ శర్మ ఆమె ఆశీస్సులు తీసుకున్నారు. ఆ దృశ్యంలో బూటకం లేదు. కాని కొద్దిరోజుల్లోనే ఒక శీతల పానీయాల కంపెనీ ఆమెను తన ప్రచారానికి వాడుకుంది. పెట్టుబడికి ముసలమ్మ సంతోషం కూడా సరుకే.

మూడోది చేదు కథ. 2003 అక్టోబరు 14న షికాగోలో కబ్స్ బేస్‌బాల్ జట్టు 3-0 ఆధిక్యంలో వుంది. గ్యాలరీ అంచుకు వచ్చిన బంతికోసం పలువురు చేతులు చాచారు. అది ఒక అభిమాని చేతికి తగిలింది. తర్వాత ఆటగాడొకడు సులువైన బంతి జారవిడిచాడు, ప్రత్యర్థులు 8 పరుగులు చేశారు, కబ్స్ ఓడింది. టెలివిజన్ మాత్రం ఆ అభిమానినే పదే పదే చూపింది. అతన్ని కాపలా మధ్య బయటికి తరలించవలసి వచ్చింది. డబ్బు ఆశ చూపినవారిని కాదని అతడు మౌనం వహించాడు. 2016లో ప్రపంచ సీరీస్ గెలిచిన జట్టు, 2017లో అతనికి విజయోంగరం ఇచ్చింది. ఈ లోపల 14 యేళ్లు గడిచిపోయాయి.

ప్రజాస్వామ్యంలో ఎన్నికైనవాడికి మాట్లాడే హక్కుంటుంది. ఇక్కడ ఎన్నుకునేది ప్రసార సంస్థ. ఎన్నికైనవాడికి ముఖం తప్ప నోరు లేదు. షికాగో అభిమానికి మిగిలిన హక్కు మౌనం ఒక్కటే. దాన్ని అతడు అమ్ముకోలేదు.

రచయితలకిందులో పాఠం వుంది. వాస్తవిక రచయిత కూడా గుంపులోనుంచి ఒక ముఖాన్నే ఏరుకుంటాడు. కాని అక్కడితో ఆగడు. ఆ మనిషి ఏ పని చేస్తాడు, ఏ ఖర్చు తగ్గించుకుని ఈ టిక్కెట్టు కొన్నాడు, రేపు ఎక్కడికి తిరిగిపోతాడు అని అడుగుతాడు. కెమెరా అడగని ఈ ప్రశ్నలు అడగడమే మన సాహిత్యం పని.