బిళ్ల వేసే ముందు పొయ్యి ఆపండి

విజయవాడ పెద్ద సూపర్‌మార్కెట్లలో విదేశీ సరుకుల అర దగ్గర ఆగితే సోయా సాస్, నూడుల్స్ పక్కన ఒక్కోసారి జపాన్ కర్రీ పెట్టె కూడా కనిపిస్తుంది. దొరకనప్పుడు ఆన్‌లైన్‌లో తెప్పించుకోవచ్చు. లోపల చాక్లెట్‌లా గళ్లు పడిన గోధుమరంగు దిమ్మ ఉంటుంది. దాన్ని కర్రీ రూ అంటారు. గోధుమపిండిని నూనెలోనో కొవ్వులోనో వేయించి, ఉప్పు, పంచదార, మసాలా పొడి కలిపి గడ్డకట్టిస్తారు. ఉడికిన ముక్కల్లో ఈ దిమ్మను బిళ్లలుగా విరిచి వేస్తే కరిగి చిక్కటి కూరవుతుంది. మా ఇంట్లో ఇది ఇష్టమైన వంటల్లో చేరింది. దుగ్గిరాల పసుపు యార్డు పక్కనే పెట్టుకుని, పసుపూ ధనియాలూ జీలకర్రా కలిసిన దిమ్మను జపాన్ నుంచి కొనడమేమిటని అడిగేవాళ్లున్నారు. సరైన ప్రశ్నే. జవాబు కూడా ఉంది.

ఈ వంట జపాన్‌కు నేరుగా మన దగ్గర్నుంచి వెళ్లలేదు. పంతొమ్మిదో శతాబ్దం రెండో సగంలో బ్రిటిష్ వాళ్ల కర్రీ పౌడర్‌తో పాటు వెళ్లింది. పిండితో చిక్కబరిచే పద్ధతీ వాళ్లదే. జపాన్ నౌకాదళం దాన్ని తన భోజనంలో చేర్చుకుంది. ఎస్ అండ్ బి సంస్థను స్థాపించిన యమజాకి మినెజిరో 1923లో జపాన్‌లోనే కర్రీ పొడి తయారుచేశాడు. బ్రిటిష్ ప్రభుత్వం నుంచి తప్పించుకుని 1915లో జపాన్ చేరిన మన విప్లవకారుడు రాస్ బిహారీ బోస్‌కు ఆ పిండి కర్రీ నచ్చలేదు. అత్తింటివారి నకమురయ దుకాణం 1927లో టోక్యోలో భోజనశాల తెరిచినప్పుడు, అక్కడ మన పద్ధతి కర్రీ పెట్టించాడు. జపాన్ వాళ్లు దాన్నీ ఆదరించారు, తమ చిక్కటి కర్రీనీ వదులుకోలేదు. 1963లో హౌస్ అనే సంస్థ వెర్మాంట్ కర్రీ, 1966లో ఎస్ అండ్ బి వాళ్ల గోల్డెన్ కర్రీ వచ్చాయి. కర్రీ వాళ్ల ఇళ్లలో రోజువారీ వంటయింది. కాబట్టి ఆ పెట్టెలో మనం కొంటున్నది మన మసాలాను కాదు, ఇంకో జాతి ఇంటి భోజనాన్ని.

ఎంచుకునేటప్పుడు మొదట చూడాల్సింది కారం కాదు, కొవ్వు. జపాన్‌లో అమ్మే చాలా రకాల్లో గొడ్డు కొవ్వు, పంది కొవ్వు ఉంటాయి. ఎగుమతికి చేసే రకాల్లో కొన్నిటిని మాంసం లేకుండా చేస్తారు. ఇక్కడ చట్టప్రకారం అమ్మే పెట్టె మీద శాకాహారమో మాంసాహారమో తెలిపే గుర్తు ఉండాలి. జపాన్‌లో ఉద్యోగం చేసే పిల్లలు సూట్‌కేసులో తెచ్చే పెట్టె మీద అది ఉండదు. దాన్ని ఫోన్ కెమెరాతో అనువదించి చదువుకోండి. ఇంటికొచ్చినవాళ్లకు వడ్డించే ముందు అందులో ఏముందో చెప్పండి. తినేవాళ్ల నియమాన్ని మనం తేలిగ్గా తీసుకోకూడదు. ఇక రుచి. వెర్మాంట్‌లో యాపిల్, తేనె ఉంటాయి. తియ్యగా ఉంటుంది కాబట్టి పిల్లలు ఇష్టపడతారు. గోల్డెన్‌లో మసాలా వాసన ముందుకొస్తుంది. పెట్టె మీద 'హాట్' అని రాసి ఉన్నా గుంటూరు మిరపకాయ తిన్న నోటికి అది చిన్న కారమే. మన ఇళ్లకు అదే సరిపోతుంది.

వండడంలో కష్టమేమీ లేదు, ఓపిక కావాలి. ఉల్లిపాయలు సన్నసెగ మీద బాగా రంగు మారేదాకా వేయించాలి. ఈ కూరకు లోతు వచ్చేది అక్కడే. తర్వాత కోడిమాంసం, క్యారెట్, పెద్ద ముక్కలుగా తరిగిన బంగాళదుంప వేసి, పెట్టె మీద చెప్పినన్ని నీళ్లు పోసి మెత్తబడనివ్వాలి. అప్పుడు పొయ్యి ఆపాలి. మరుగు తగ్గాక బిళ్లలు విరిచి వేసి, పూర్తిగా కరిగేదాకా కలపాలి. మళ్లీ సన్నసెగ పెట్టి, అడుగంటకుండా తిప్పుతూ కొద్ది నిమిషాలు ఉంచితే చిక్కబడుతుంది.

పొయ్యి ఎందుకు ఆపాలో మన పెద్దవాళ్లకు చెప్పక్కర్లేదు. దప్పళంలో బియ్యప్పిండి వేసేటప్పుడు వాళ్లు పొడిపిండి చల్లరు, చన్నీళ్లలో జారుగా కలిపి పోస్తారు. వేడి తగలకముందే పిండి రేణువులు విడివిడిగా ఉండాలి. లేకపోతే పైపొర ఉడికి, లోపలి పిండి పచ్చిగా మిగిలి ఉండలు కడుతుంది. అక్కడ రేణువులను విడదీసేది నీళ్లు, ఇక్కడ కొవ్వు. ఆ కొవ్వు నెమ్మదిగా కరగడానికి సమయం ఇవ్వాలి. తీపి చాలలేదని చివర్లో తేనె కూడా పోయకండి. పచ్చి తేనెలోని ఎంజైము పిండిని విరగ్గొట్టి కూరను పల్చన చేస్తుంది. ఉప్పు బిళ్లలోనే ఉంది, రుచి చూశాకే వేయండి.

గరం మసాలా, ఇంగువ తాలింపు, మిరప్పొడి వేసి దీన్ని మన కూరగా మార్చాలన్న కోరికను ఆపుకోండి. అలా చేస్తే అది మన కూరా కాదు, జపాన్ వాళ్ల కర్రీ కూడా కాదు. గోంగూర పచ్చడిలో పంచదార వేస్తే మనకెలా ఉంటుందో వాళ్లకూ అలాగే ఉంటుంది. మార్పు కావాలంటే పక్కన పెట్టుకునేదాంట్లో చేయండి. వాళ్లు ముల్లంగి, తామరతూడు ఊరగాయ నంజుకుంటారు. నిమ్మరసం పిండిన ఉల్లిపాయ ముక్కలు మన కంచంలో ఆ పని చేస్తాయి. అన్నం సంగతికొస్తే, బాపట్లలో పుట్టిన బీపీటీ 5204, మన సాంబ మసూరి, జపాన్ బియ్యంలా అంటుకోదు. కాస్త నీళ్లెక్కువ పోసి మెత్తగా వండితే ఈ చిక్కటి కూరకు చక్కగా సరిపోతుంది.

అన్నిటికన్నా గట్టిగా చెప్పాల్సింది మిగిలిన కూర గురించి. చేపల పులుసు మర్నాటికి రుచి అని మనం అంటాం. కర్రీ గురించి జపాన్ వాళ్లూ అదే అంటారు. కానీ పులుసును చింతపండు పులుపు కొంతవరకు కాపాడుతుంది. ఈ కర్రీలో ఆ పులుపు లేదు. చిక్కటి గిన్నె నిదానంగా చల్లారుతుంటే క్లోస్ట్రిడియం పెర్‌ఫ్రింజెన్స్ అనే బ్యాక్టీరియా అందులో పెరుగుతుంది. దాని బీజాలు మరిగించినా చావవు. జపాన్‌లోనే దీనివల్ల జబ్బుపడేవాళ్లున్నారు. బెజవాడ వేసవిలో ఇక చెప్పేదేముంది! తిన్న వెంటనే మిగిలినదాన్ని లోతులేని గిన్నెల్లో సర్ది, చల్లార్చి ఫ్రిజ్‌లో పెట్టండి. మర్నాడు అడుగు దాకా కలుపుతూ పొగలు వచ్చేలా వేడిచేయండి.

పెట్టె సరుకంటే వంటను తప్పించుకోవడమని కొందరి అభిప్రాయం. ఈ పెట్టె తప్పించేది పొడులు దంచి కలిపే పనిని మాత్రమే. ఉల్లిపాయ వేగడం, ముక్క ఉడకడం, పొయ్యి ఆపాల్సిన క్షణం, మిగిలినదాని శుభ్రత ఇంకా మన చేతిలోనే ఉన్నాయి. మొదటిసారి పెట్టె మీద రాసినట్టే వండండి. జపాన్ వాళ్లకు ఏది రుచో తెలిశాకే మనకేం కావాలో తేల్చుకోగలం.