ఆ కుర్చీలో ఎవరు కూర్చున్నా

కవలలు స్థానాలు మార్చుకునే కథ అనగానే మనకి ‘రాముడు భీముడు’ (1964) గుర్తొస్తుంది. పిరికివాడి ఇంట్లోకి ధైర్యవంతుడు వస్తాడు, కొరడా తీస్తాడు, లెక్క సరిపోతుంది. 2025లో వచ్చిన 12 ఎపిసోడ్ల కొరియన్ సీరీస్ ‘అవర్ అన్‌రిటెన్ సోల్’ కూడా ఆ ఆశ పెట్టే మొదలవుతుంది. ఇది నెట్‌ఫ్లిక్స్‌లో ఉంది.

సోల్‌లో ఒక ప్రభుత్వ రంగ సంస్థలో పనిచేసే మీరేని ఆఫీసు మొత్తం వెలేసింది. దెబ్బ తగిలితేనైనా ఆఫీసు తప్పుతుందని కిటికీలోంచి దూకబోతుంది. ఊళ్ళో దొరికిన పనల్లా చేసుకుంటూ బతికే మీజీ, బంగారు రంగు జుట్టుని నల్లగా మార్చుకుని, అక్క బదులు ఆఫీసుకి బయల్దేరుతుంది.

మీజీకి నోరుంది. ఇక ఆ ఆఫీసు పని అయిపోయినట్టే అనుకుంటాం. కానీ ఆ కుర్చీ ఆమెనీ నలిపేస్తుంది. ఈ సీరీస్ నాకు నచ్చింది ఇందుకే. మీరే బలహీనురాలు కాబట్టి ఓడిపోలేదు, ఆ కుర్చీలో ఎవరు కూర్చున్నా అంతే. “నేనైతే ఊరుకునేదాన్ని కాదు” అని పక్కవాళ్ళ కష్టం గురించి తేలిగ్గా అనేస్తాం కదా, ఆ మాటకి ఇంతకంటే మంచి జవాబు ఈమధ్య నేను చూళ్ళేదు.

పరుగుపందేల భవిష్యత్తు గాయంతో పోయాక మీజీ కూడా గదిలో తలుపేసుకుని ఉండిపోయిన మనిషే. అప్పుడు అమ్మమ్మ ఆమెని తిట్టదు. దాక్కోవడం కూడా బతకడానికి చేసే ప్రయత్నమేనంటుంది. చనిపోయిన స్నేహితురాలి పేరుతో హోటల్ నడుపుకుంటున్న, చదువురాని రోసా కథ దీనికి జోడీ. అక్కచెల్లెళ్ళు ఎప్పుడైనా వెనక్కి వెళ్ళిపోవచ్చు. ఆమెకి ఆ వీలు లేదు. జీవితాలు మార్చుకోవడం ఆట కాదని తెలిసేది అక్కడే.

పార్క్ బో-యంగ్ చేసింది రెండు పాత్రలే అయినా, నటించింది నాలుగు: మీజీ, మీరే, మీరేలా ఉండాలనుకునే మీజీ, మీజీలా ఉండాలనుకునే మీరే. భుజాలు చూస్తే చాలు, ఎవరో తెలిసిపోతుంది.

ఫిర్యాదు ఒకటుంది. మీరే సేదతీరే స్ట్రాబెర్రీ తోట మరీ అందంగా ఉంటుంది. ఆ తోట యజమాని ఒకప్పుడు ఫైనాన్స్ రంగంలో బాగా సంపాదించినవాడు. అప్పుల భయం లేని చోట వ్యవసాయం విశ్రాంతిలాగే కనిపిస్తుంది. ఆఫీసు కుర్చీని అంత నిజంగా చూపించినవాళ్ళు పొలం గట్టుని కూడా అలాగే చూపించాల్సింది.

కొరియన్‌లో మీజీ అంటే ‘తెలియనిది’, మీరే అంటే ‘భవిష్యత్తు’. ఈ సీరీస్‌లో ఒకరి జీవితం మరొకరు బాగుచెయ్యరు. దూరంనుంచి చూసినప్పుడు మాత్రం, ఇన్నాళ్ళూ తనమీద తనకి లేని జాలి, అక్కమీద చెల్లికీ చెల్లిమీద అక్కకీ కలుగుతుంది. ఆ జాలిలో కొంచెం తమకోసం కూడా దాచుకోవడం నేర్చుకుంటారు. నాకైతే కొరడా కంటే ఇదే పెద్ద గెలుపనిపించింది.