గద్దరు గేయములు: ప్రదర్శనము, పాఠనిర్ణయము

గేయమును తానే కట్టి, తానే గొంతెత్తి పాడి, గజ్జెకట్టి ఆడిన కవిని విమర్శించుటకు ముద్రితపాఠ మొక్కటియే చాలునా? ఆధునికాంధ్ర సాహిత్యమున ఈ ప్రశ్నను గద్దరు గేయములంత తీవ్రముగా మన ముందుంచినవి అరుదు.

గద్దరు అసలు పేరు గుమ్మడి విఠలరావు. జన్మస్థలము మెదకు జిల్లాలోని తూప్రాను. స్వాతంత్ర్యోద్యమమునాటి గదరు పార్టీని స్మరింపజేయు పేరే ఇతనికి కవినామ మయ్యెను. 1972లో ఏర్పడిన జననాట్యమండలికి ఇతడు ప్రధానగాయకుడు. కెనరా బ్యాంకు ఉద్యోగమును 1984లో విడిచెను. 1997 ఏప్రిల్ 6న తన యింటియొద్ద కాల్పులకు గురియై బ్రతికి బయటపడెను. 2023 ఆగస్టు 6న హైదరాబాదున మరణించెను.

గద్దరు గేయమునకు మూడంగములు కలవు. మొదటిది పల్లవి, అది వంతపాటగాండ్రకును సభకును చెందినది. రెండవది చరణము, అది గాయకునిది. మూడవది నడుమ వచ్చు వచనము. అది ఆ పూటది, ఆ ఊరిది. కావున ఒకే గేయము ఒక సభలో కొలదిసేపటికే ముగియును. మరియొక సభలో ఎంతయో పెరుగును. గొంగడి, కఱ్ఱ, గజ్జెలు వేషమాత్రములు కావు. గజ్జెల మ్రోత తాళమునకు ఆధారము. కఱ్ఱ విసరు చరణమునకు విరామచిహ్నము. పుస్తకమున ఇవి యేవియు నిలువవు.

ఇట్టి చిక్కు మనకే వచ్చినది కాదు. స్వీడను దేశమున కార్ల్ మిఖాయెల్ బెల్మన్ (1740-1795) ప్రచారమందున్న బాణీలకు తన మాటలను కూర్చి, తంతి మీటుచు తానే పాడెను. ఆ దేశపు రాజు మూడవ గుస్తావు అతని నాదరించెను. అతని ప్రధానగ్రంథము 82 గేయములతో 1790లో స్వరలిపి సహితముగా వెలువడుటచే పాట గాయకునితో అంతరింపలేదు. గద్దరునకు సభయే పోషకము. అతని గేయములు పుస్తకములుగను వెలువడినవి గాని, పుస్తకమున మాట నిలుచును; బాణీ నిలువదు.

చలనచిత్రము ఆ కొఱతను కొంత తీర్చినది. 1979 నాటి "మా భూమి"లో గద్దరు తెరపై కనిపించి పాడిన బండిపాట జనుల నాలుకలపై నిలిచినది. కాని దానిని కట్టినవాడు తెలంగాణా సాయుధపోరాటకాలపు యాదగిరి. గాయకుని కీర్తి కర్త పేరును కప్పివేయుట కిది తగిన నిదర్శనము. "ఊరు మనదిరా" గేయకర్త గూడ అంజయ్య విషయమునను ఇట్టి పొరపాటు వినవచ్చుచుండును. ఇక 1995 నాటి "ఒరేయ్ రిక్షా"లో గద్దరు వ్రాసిన అన్నాచెల్లెండ్ర పాటను వందేమాతరం శ్రీనివాస్ పాడెను. అచట కర్త వేరు, గాయకుడు వేరు. నిడివి స్థిరము, వచనమునకు తావు లేదు. ఐనను పాట చెడలేదు. కారణమేమి? అందు మాటాడునది నినాదము కాదు, సోదరుడు. గద్దరు ఉత్తమగేయములలో తల్లియో, అన్నయో, కూలివాడో ఒకరు మఱియొకరిని పిలిచి మాటాడుదురు. ఆ పిలుపు తొలగి నినాదమే మిగిలినచోట, సభ ముగిసినంతనే పాటయు ముగియుచున్నది. గుణదోషవిచారమున కిదియే గీటురాయి కావలెను.

ఆ పాటకు వచ్చిన నంది పురస్కారమును గద్దరు నిరాకరించెను. చలనచిత్రపురస్కారములకు అతని పేరే పెట్టునట్లు తెలంగాణ ప్రభుత్వము 2024లో ప్రకటించి, 2025 జూనులో తొలిసారి ప్రదానము చేసినది. జూబిలీహిల్సున, ఫిలింనగరున ఆ పేరు బిరుదుగా మాఱినది. వాని చెంతనున్న బోరబండవంటి బస్తీలలో అది ఇంకను పాట పేరే. బిరుదు పేరును కాపాడును, పాటను కాపాడదు. పాటను కాపాడు పని పరిశోధకులది.

కావున గద్దరు గేయసంపుటమును పరిష్కరించువారు ప్రతి గేయమునకు కర్తను, బాణీ మూలమును, పాడిన స్థలకాలములను విడివిడిగా నిర్ణయింపవలెను. ధ్వనిముద్రణములను వ్రాతప్రతులవలె పోల్చి పాఠభేదముల నీయవలెను, స్వరలిపిని చేర్చవలెను. అతనితో పాడినవారు, వంత పలికినవారు జీవించియుండగనే ఈ పని జరుగవలెను. తాళపత్రము శిథిలమైనను ప్రత్యంతరము దొరకవచ్చును. గొంతుక మూగవోయిన పిదప ప్రత్యంతరము లేదు.