పోయినవాటిని పాడటం

గోరటి వెంకన్న రాసిన ‘పల్లె కన్నీరు పెడుతుందో’ పాట 2002లో ‘కుబుసం’ చిత్రం ద్వారా తెలుగు ప్రాంతాలన్నిటా మోగింది. ఆ పాట వింటూ కళ్లు తుడుచుకున్నవాళ్లు తక్కువమంది కారు. అయితే ఆ కన్నీళ్లన్నీ ఒకటి కావు. పట్నంలో మేడ కట్టుకుని, ఊళ్లో పొలం కౌలుకిచ్చిన పెద్దమనిషి ఏడుపు వేరు. అదే ఊరు విడిచి తట్టా పారా పట్టుకుని దేశమంతా ఆనకట్టలు కట్టడానికి వెళ్లిన పాలమూరు కూలీ ఏడుపు వేరు. ఇద్దర్నీ ఒకే పాట ఏడిపించగలగడం దాని బలమా, బలహీనతా?

మన శిబిరంలోనే కొందరు మిత్రులు దీన్ని పునరుద్ధరణవాదమని తోసేశారు. వారి వాదనలో కొంత నిజం లేకపోలేదు. కుమ్మరి వాము, కమ్మరి కొలిమి, సాలె మగ్గం అని వరసగా చెప్పుకుపోతున్నప్పుడు ఆ వరస వృత్తులది మాత్రమే కాదు, కులాలది కూడా. తెలంగాణ పల్లెలో కుమ్మరి దొర గడీకీ, ఊరికొచ్చిన అధికారికీ కుండలు ఊరికే ఇచ్చుకోవలసి వచ్చేది. చాకలికీ మంగలికీ వెట్టి తప్పేది కాదు. 1946-51 మధ్య రైతాంగం సాయుధమై తిరగబడింది ఈ వ్యవస్థ మీదనే. సినిమాలో మనం విన్న పాటలో ఆ వెట్టి ఊసు లేదు. జ్ఞాపకం ఎప్పుడూ తనకు కావలసినదాన్నే ఏరుకుంటుంది.

కాని పాటను మరోసారి వినాలి. వెంకన్న ఏడ్చింది కుల కట్టుబాటు పోయినందుకు కాదు, పనిముట్టు మూలపడినందుకు. ఈ తేడా చిన్నది కాదు. కొలిమి ఆరిపోయిన కమ్మరికి కులం పోలేదు, కూడు మాత్రం పోయింది. పత్తి మందుల వాసనలో మట్టి వాసన పోవడమూ, నేలలో వానపాములు బతకలేకపోవడమూ పాటలోకి రావడం కేవలం ఊరి మీది మమకారం వల్ల కాదు. అక్కడ ఒక ఆర్థిక క్రమం పని చేస్తున్నది.

ఆయన బాణీలో తత్వాల, బైరాగి పాటల జాడ స్పష్టంగా వినిపిస్తుంది. తత్వం పాడేవాడు ఈ దేహం మట్టికుండ, పగిలిపోక తప్పదని చెబుతాడు. వెంకన్న ఆ గొంతుతోనే కుండ చేసేవాడి వాము ఎందుకు చల్లారిందని అడుగుతాడు. అశాశ్వతత్వాన్ని వేదాంతం నుంచి విడిపించి ఊరి బజారులో నిలబెట్టడమే ఆయన చేసిన అసలు పని. శ్రీశైలం జలాశయం కింద 1981లో కృష్ణ ఒడ్డు ఊళ్లు మునిగిన జిల్లా ఇది. ‘అన్నీ పోయేవే’ అన్న మాట అక్కడ ఎవరినీ ఓదార్చదు.

లోపం మరోచోట ఉంది. ఈ పాటలో కుట్ర కనిపించదు, శత్రువుకు ముఖం లేదు. పెద్దమనిషి కూడా హాయిగా ఏడవగలగడానికి కారణం ఇదే. ఆ ముఖం కోసం వెంకన్న సొంత జిల్లా నాగర్‌కర్నూల్‌లోనే మరో కళాకారుణ్ణి చూడాలి. పన్నెండు మెట్ల కిన్నెర వాయించిన దర్శనం మొగులయ్యను 2021లో ఒక సినిమా పాట, 2022లో పద్మశ్రీ ‘వెలుగులోకి’ తెచ్చాయన్నారు. అంతదాకా ఆయన చీకట్లో ఉన్నట్టు! ఉన్నది ఆయన కాదు, మనం. వెదురు బొంగు, ఎండిన సొరబుర్రలు, మెట్లు నిలపడానికి తేనెమైనం: కిన్నెరలో కలకాలం నిలిచే వస్తువు ఒక్కటీ లేదు. చేసేవాడూ వాయించేవాడూ ఉన్నంతకాలమే దాని ఆయుష్షు. అలాంటి వాద్యం మీద డక్కలివారు మోసుకొచ్చిన కథల్లో పండుగ సాయన్న కథ ఒకటి. ఉన్నవాళ్లను కొట్టి లేనివాళ్లకు పెట్టిన ఆ పాలమూరు వీరుడి కథలో ఎవరు ఎవరివైపో పసిపిల్లవాడికి కూడా తెలుస్తుంది.

‘గల్లీ చిన్నది’ పాటకొచ్చేసరికి వెంకన్న ఈ చిక్కు దాటాడని నా అభిప్రాయం. అక్కడ పోయిన స్వర్ణయుగమేదీ లేదు. పేదల బస్తీ, ఇరుకు ఇళ్లు, రేపటికి ఉంటుందో లేదో తెలియని గూడు. జ్ఞాపకం చేసే అలంకరణ లేదు గనుక చూపు పదునెక్కింది. జనం ‘పల్లె’నే ఎక్కువగా పాడుకున్నారు, నేను మాత్రం దీన్నే పై మెట్టు మీద పెడతాను. ‘వల్లంకి తాళం’ సంపుటికి 2021 కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం వచ్చాక ఆయన పాటలు తరగతి గదుల్లోకి కవిత్వంగా మరింత చొరవగా వెళ్లాయి. మంచిదే. అయితే అచ్చులో బాణీ పోతుంది, పల్లవి తిరిగి వచ్చినప్పుడల్లా పెరిగే బరువూ పోతుంది.

ఇక ఆయనను అనుకరించే యువకవుల సంగతి. రోలు, రోకలి, విసుర్రాయి, ఎడ్లబండి అని పేర్లు పేర్చితే కవిత అయిపోతుందనుకుంటున్నారు. ఆ విసుర్రాయిని ఎన్ని గంటలకు లేచి ఎవరు తిప్పారో, ఆ పిండి ఎవరింటికి పోయిందో ఒక్కరూ రాయరు.