గడప దగ్గర ఆగిన రాజ్యాంగం: దాంపత్య హక్కుల పునరుద్ధరణ తీర్పులు - ఒక విమర్శ

వ్యాససంగ్రహం: రాజ్యాంగంతో విభేదించే చట్టం విరోధం ఉన్న మేరకు చెల్లదన్నది 13వ అధికరణలోని సూత్రం. హిందూ వివాహ చట్టం 9వ సెక్షన్‌పై 1983, 1984 సంవత్సరాలలో వెలువడిన మూడు తీర్పుల ఆధారంగా ఆ సూత్రం కుటుంబ జీవితానికి ఎలా అన్వయమైందో ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

కీలకపదాలు: రాజ్యాంగ సర్వోన్నతత్వం, 13వ అధికరణ, దాంపత్య హక్కులు, గోప్యత, సరిత తీర్పు.

1. ఉపోద్ఘాతం

రాజ్యాంగం అన్ని చట్టాలకూ పైన ఉంటుందన్న మాటపై వివాదం లేదు. 13వ అధికరణ మొదటి ఖండం రాజ్యాంగానికి ముందున్న చట్టాలకు, రెండో ఖండం ఆ తరువాత రాజ్యం చేసే చట్టాలకు వర్తిస్తుంది. ప్రాథమిక హక్కులతో విరోధం ఉన్న మేరకే చట్టం చెల్లకుండా పోతుందన్న పరిమితి రెండు ఖండాలలోనూ ఉంది. కష్టమల్లా విరోధాన్ని గుర్తించడంలోనే. చట్టంలోని మాటలను మాత్రమే చూసినప్పుడు కనిపించని విరోధం, ఆ చట్టం మనిషి జీవితంలో చేసే పనిని చూసినప్పుడు బయటపడవచ్చు. ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 1983లో ఇచ్చిన సరిత తీర్పు ఈ రెండో చూపును ఎంచుకుంది.

2. నిబంధన పూర్వాపరాలు

సహేతుక కారణం లేకుండా భార్య గాని భర్త గాని రెండోవారి సాహచర్యాన్ని విడిచిపెడితే, తిరిగి కాపురానికి రావాలని డిక్రీ కోరే అవకాశాన్ని 1955 నాటి హిందూ వివాహ చట్టం 9వ సెక్షన్ కల్పిస్తుంది. దీని మూలం ఇంగ్లండు మతన్యాయస్థానాలలో ఉంది. ప్రివీ కౌన్సిల్ 1867లో ఒక ముస్లిం దంపతుల వ్యాజ్యంలో ఇలాంటి దావా భారతీయ న్యాయస్థానాలలో చెల్లుతుందని అంగీకరించింది. రఖ్మాబాయి ఉదంతం ఆ పరిహారం స్వభావాన్ని లోకానికి చూపింది. భర్త దగ్గరకు వెళ్లాలని 1887లో బొంబాయి హైకోర్టు ఆదేశించగా, దానికన్నా జైలుకు వెళ్లడానికే ఆమె సిద్ధపడింది. ఇంగ్లండు 1970లో ఈ పరిహారాన్ని రద్దు చేసింది. మన దేశంలో మాత్రం అది స్వతంత్ర భారత పార్లమెంటు చేసిన చట్టంలో చోటు సంపాదించుకుంది.

3. సరిత తీర్పు: బలం, బలహీనత

కడప న్యాయస్థానంలో భర్త వేసిన దావా విచారణ పరిధిపై తలెత్తిన వివాదం హైకోర్టుకు చేరింది. న్యాయమూర్తి పి.ఎ. చౌదరి అంతటితో ఆగక, సెక్షన్ 14, 21 అధికరణలకు విరుద్ధమని తేల్చి, చెల్లదని ప్రకటించారు. తన శరీరాన్ని ఎవరు, ఎప్పుడు తాకవచ్చునో నిర్ణయించుకునే అధికారాన్ని ఈ డిక్రీ వ్యక్తి నుంచి తీసి రాజ్యం చేతిలో పెడుతుందన్నది ఆయన వాదసారం. నిబంధన భార్యాభర్తలను సమానంగానే సంబోధిస్తున్నా, గర్భధారణ భారం స్త్రీదే గనుక ఫలితం సమానం కాదని కూడా ఆయన గుర్తించారు. చట్టాన్ని దాని ఫలితంతో కొలవడం ఈ తీర్పు అసలు బలం.

బలహీనత కూడా ఉంది. సాహచర్యాన్ని దాదాపు పూర్తిగా లైంగిక సంబంధంగా చదవడం వల్ల వాదం ఇరుకైంది. కాపురం అంటే అంతకన్నా విశాలమైనదని చెప్పగానే తీర్పు పునాది కదిలినట్లు కనిపిస్తుంది. ఒకరి ఇష్టానికి విరుద్ధంగా మరొకరితో కలిసి బతకమని రాజ్యం ఆదేశించడమే వ్యక్తిస్వేచ్ఛకు భంగమని అంటే వాదం మరింత దృఢంగా నిలిచేది.

4. తలకిందులైన కొలమానం

కొద్ది నెలలకే హర్విందర్ కౌర్ కేసులో ఢిల్లీ హైకోర్టు ఇందుకు విరుద్ధమైన అభిప్రాయానికి వచ్చింది. ఇంట్లోకి రాజ్యాంగ న్యాయాన్ని తేవడం గాజు సామాన్ల దుకాణంలోకి ఎద్దును తోలడం వంటిదన్న భావం ఆ తీర్పుతోనే ప్రసిద్ధి పొందింది. 1984 ఆగస్టులో సరోజ్ రాణి కేసులో సుప్రీంకోర్టు ఢిల్లీ అభిప్రాయాన్నే ఆమోదించింది. అంతవరకు, సుమారు పదమూడు నెలల పాటు, అదే రాజ్యాంగం కింద అదే సెక్షన్ ఆంధ్రప్రదేశ్‌లో చెల్లలేదు.

ఢిల్లీ వాదంలోని దోషం తర్కక్రమంలో ఉంది. 13వ అధికరణ చట్టాన్ని రాజ్యాంగంతో కొలవమంటుంది. ఢిల్లీ తీర్పు మాత్రం వివాహ వ్యవస్థ సున్నితత్వాన్ని ప్రమాణంగా తీసుకొని, రాజ్యాంగం ఎంతవరకు రావచ్చునో నిర్ణయించింది. గృహజీవితం సున్నితమైనది గనుక రాజ్యం దూరంగా ఉండాలన్న వాదం నిజమైతే, అది ముందుగా అడ్డుకోవలసింది డిక్రీనే. న్యాయస్థానపు ఆజ్ఞతో ఇంట్లోకి ప్రవేశించినది రాజ్యాంగం కన్నా ముందు 9వ సెక్షనే కదా.

సరోజ్ రాణి వ్యాజ్యంలోని వాస్తవాలు కూడా గమనార్హం. 9వ సెక్షన్ కింద డిక్రీ కోరినది భార్య. భర్త అంగీకారంతో డిక్రీ వచ్చింది. ఏడాదిలో కాపురం పునరుద్ధరణ కాలేదన్న కారణంతో భర్త విడాకులు కోరాడు, పొందాడు కూడా. కాపురాన్ని నిలబెట్టడానికని చెప్పిన పరిహారం ఆ కేసులో విడాకులకు మెట్టు అయింది. స్త్రీలు కూడా దీన్ని వాడుకుంటారు గనుక అసమానత లేదనడం, ఫలితాన్ని చూడకుండా మాటలనే చూడడం అవుతుంది.

5. వాడని 'మేరకు'

డిక్రీని ధిక్కరించిన వారి ఆస్తిని జప్తు చేసే అధికారం సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 21, రూల్ 32లో ఉంది. దీన్ని సుప్రీంకోర్టు దంపతులను కలపడానికి ఒక ప్రేరణగా మాత్రమే భావించింది. ఆస్తి పోతుందన్న భయంతో కాపురానికి వెళ్లేవారిది సమ్మతి అనడం కష్టం. ఆస్తి లేనివారికి ఆ భయం ఉండదు, ఉన్నవారి స్వేచ్ఛకు మాత్రం వెల కట్టినట్టవుతుంది.

సెక్షన్ మొత్తాన్ని కొట్టివేయడం, మొత్తాన్ని నిలబెట్టడం అన్న రెండు మార్గాలే ఈ తీర్పులలో కనిపిస్తాయి. విరోధం ఉన్న మేరకు అన్న షరతు మూడో మార్గాన్ని చూపుతుంది. 1908 నాటి ప్రొసీజర్ కోడ్‌లోని జప్తు అధికారాన్ని మొదటి ఖండం కింద, ఈ డిక్రీల వరకు, చెల్లదని ప్రకటించి ఉంటే, డిక్రీ బలవంతం లేని ప్రకటనగా మిగిలేది. విడాకులకు మార్గం కూడా మూసుకుపోయేది కాదు. అప్పుడు కూడా సెక్షన్ అవసరమా అన్న ప్రశ్న మిగులుతుంది. అయితే ఆ ప్రశ్నకు సమాధానం చెప్పవలసిన బాధ్యత శాసనసభదవుతుంది.

6. ముగింపు

తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం 2017లో పుట్టస్వామి కేసులో గోప్యత 21వ అధికరణలో భాగమేనని ప్రకటించింది. మరుసటి సంవత్సరం జోసెఫ్ షైన్ కేసులో, 1860 నాటి శిక్షాస్మృతిలోని వ్యభిచార నిబంధనను సుప్రీంకోర్టు కొట్టివేసింది. వివాహం పేరుతో రాజ్యాంగాన్ని బయట నిలబెట్టడం ఈ రెండు తీర్పుల తరువాత సమర్థించుకోలేనిది. 9వ సెక్షన్‌ను సవాలు చేస్తూ 2019లో సుప్రీంకోర్టులో పిటిషన్ దాఖలు కావడం అందుకు సహజ పరిణామమే.

రాజ్యాంగ సర్వోన్నతత్వం శాసనసభల అధికారాలకు మాత్రమే సంబంధించిన సూత్రంగా మిగిలితే, దాని ప్రయోజనం సగమే. తిరిగి వెళ్లడం ఇష్టంలేని మనిషికి వెళ్లకుండా ఉండే స్వేచ్ఛను అది కాపాడగలదా అన్నది అసలు పరీక్ష. సరిత తీర్పులోని వాదం అక్కడక్కడ తడబడినా, ఆ పరీక్షను ఎక్కడ జరపాలో అది సరిగ్గానే గుర్తించింది.