బొమ్మలో కాలమెక్కడ?

విసిరిన రాయి పోవు దారిని గీయుమని హైస్కూలు విద్యార్థిని అడిగినచో, వంపు తిరిగిన గీతను తడుముకొనకుండ గీయును. దానికి పరావలయమని పేరుకూడ చెప్పును. “ఒక సెకను గడచినపుడు రాయి ఎక్కడ నున్నది? రెండు సెకనులకు ఎక్కడ నున్నది? ఈ బొమ్మలోనే చూపుము” అని మరల అడిగినచో పెన్సిలు ఆగిపోవును. ఆ ప్రశ్నకు జవాబు అతని బొమ్మలో లేదు. లోపము విద్యార్థిది కాదు. పాఠ్యగ్రంథములలో తరచుగా కనబడు బొమ్మనే అతడు గీసినాడు. చలనమును చూపుటకై గీసిన బొమ్మలో కాలమే లేకపోవుట ఎట్లు సంభవించినది? దీనిని విచారించుటకు ఆ బొమ్మకు మూలమైన గ్రంథమును ఒకసారి విమర్శదృష్టితో చూడవలసి యున్నది.

ఆ గ్రంథము గెలీలియో రచించిన ‘రెండు నూతన శాస్త్రములు’. 1633లో రోములో జరిగిన మతవిచారణ పిమ్మట ఆయన ఫ్లారెన్సు సమీపమున ఆర్చెట్రిలో గృహనిర్బంధములో ఉండెను. పుస్తకము 1638లో హాలెండులోని లైడెన్ నగరమున అచ్చయినది. ముగ్గురు మిత్రులు నాలుగు దినములు సంభాషించినట్లు దీని కూర్పు. సంభాషణ ఇటాలియను భాషలోను, చలన సిద్ధాంతములు లాటినులోను ఉన్నవి. మూడవ, నాలుగవ దినములలో కణ చలనమును గూర్చిన విషయమంతయు కలదు. నేడు మనము వ్రాయు బీజగణిత సమీకరణము ఒక్కటియు ఇందులో కనబడదు. చెప్పవలసినదంతయు నిష్పత్తులతోను, రేఖలతోను చెప్పబడినది. కావున ఈ గ్రంథమున బొమ్మ అలంకారము కాదు. వాదమునకు అదియే ఆధారము.

మూడవ దినమునందలి ముఖ్యమైన బొమ్మను మొదట చూతము. గెలీలియో ఒక నిలువు గీతను గీసి, దాని పొడవు కాలమును సూచించుననెను. ఆ గీతపై ఒక్కొక్క బిందువునుండి అడ్డముగా గీసిన గీతలు ఆయా క్షణములలోని వేగములు. నిశ్చలస్థితినుండి బయలుదేరిన వస్తువునకు వేగము సమముగా పెరుగును గనుక ఈ అడ్డగీతల కొనలను కలిపినచో త్రిభుజమేర్పడును. తుదివేగములో సగము వేగముతో అంతే కాలము నిలకడగా పోయిన వస్తువుకూడ అంతే దూరము పోవునని ఆయన దీనినుండి నిరూపించెను. ఉదాహరణకు, 3 సెకనులు పడిన రాయికి తుదివేగము సెకనుకు 29.4 మీటరులు. అందు సగము 14.7. దానిని 3 చేత గుణించినచో 44.1 మీటరులు వచ్చును. గాలి నిరోధమును విడిచినచో రాయి పడు దూరము అదియే.

ఈ సిద్ధాంతము గెలీలియోకు ముందే తెలిసినది. ఆక్స్‌ఫర్డు పండితులు 14వ శతాబ్దమున దీనిని చెప్పిరి. ఆ శతాబ్దపు మధ్యకాలమున ఫ్రెంచి పండితుడు ఒరేము ఇటువంటి బొమ్మనే గీసెను. గెలీలియో విశేషమేమనగా, ఆయన దానిని నిజముగ పడు వస్తువులకు అన్వయించి, ప్రయోగముతో సరిచూచెను. వాలుగా నిలిపిన కొయ్యగాడిలో కంచుగుండును దొర్లించి, ఆ లోపల సన్నని గొట్టమునుండి కారిన నీటిని తూచి కాలమును కొలిచెను. మంచి గడియారము లేని ఆ దినములలో కాలమును పొందుట ఎంత శ్రమయో ఆయనకు తెలియును. అందుచేతనే ఆయన బొమ్మలలో కాలమునకు మొదటి పీట దొరకినది.

అయినను ఈ బొమ్మలో ఒక కొరత ఉన్నది. పోయిన దూరమును గెలీలియో త్రిభుజము ప్రక్కన వేరొక గీతగా గీసెను. త్రిభుజ వైశాల్యమే దూరమని నేటి పుస్తకము చెప్పినంత సూటిగా ఆయన బొమ్మ చెప్పదు. క్రొత్తగా చూచువాడు త్రిభుజపు ఏటవాలు భుజమును గుండు దొర్లిన పలకయేమో అని భ్రమపడుటకు అవకాశమున్నది. బొమ్మలోని గీత దేనిని సూచించునో తెలియకున్నచో కన్ను తనకు పరిచితమైన వస్తువునే అందులో చూచును. ఈ చిక్కు నేటికిని మన తరగతులలో ఉన్నది.

నాలుగవ దినమున ప్రక్షేపకపు బొమ్మ వచ్చును. బల్ల అంచువరకు అడ్డముగా దొర్లి గాలిలోనికి పోయిన గుండు చలనమిది. బల్లకు సూటిగా ముందుకు సాగించిన గీతను గెలీలియో సమభాగములుగా విభజించి, అవి సమానమైన కాలవ్యవధులనెను. ఆ గుర్తులనుండి క్రిందికి దించిన గీతలు 1, 4, 9 నిష్పత్తిలో ఉండును. వాని క్రింది కొనలను కలిపిన వంపే పరావలయము. సెకనుకు 10 మీటరుల వేగముతో ఎత్తైన కట్టడమునుండి అడ్డముగా విసిరిన రాయిని తీసికొందము. 1, 2, 3 సెకనులకు అది ముందుకు 10, 20, 30 మీటరులును, క్రిందికి 4.9, 19.6, 44.1 మీటరులును పోవును. ఈ మూడు బిందువులను గుర్తించినపుడే బొమ్మ మాటాడును. అడ్డముగా చూచినచో ఎడములు సమానము. నిలువుగా చూచినచో ఎడములు పెరుగుచున్నవి. రెండు చలనములు ఒకదానికొకటి అడ్డు రాకుండ జరుగుచున్నవను గొప్ప విషయము ఒక్క చూపులో బోధపడును.

ఈ బొమ్మలో అడ్డగీత ఒకే సమయమున కాలమును, దూరమును సూచించుచున్నది. అది దీని అందము. కాని ఆ రెండు పనులు ఒకే గీత చేయగలుగుటకు కారణము అడ్డవేగము మారకపోవుటయే. గాలి నిరోధమును లెక్కలోనికి తెచ్చినచో ఈ సదుపాయము పోవును. బ్యాడ్మింటన్ ఆటలో కొట్టిన ఈకల బంతికి అడ్డపు ఎడములు క్రమముగా తగ్గిపోవును. అపుడు దూరపు గీత కాలపు గీత కాజాలదు. గాలి అడ్డు గూర్చిన ఆక్షేపణను గెలీలియో తన సంభాషణలోనే పాత్రచేత చెప్పించి, దానిలో నిజమున్నదని ఒప్పుకొనెను. తన బొమ్మకు గల హద్దును తానే చెప్పిన రచయిత యనుట ఆయనకు న్యాయము.

మన పుస్తకములలో పలుమార్లు జరిగినదేమనగా, గెలీలియో వంపు మిగిలినది. ఆయన గుర్తులు చెరిగిపోయినవి. నున్నని గీత ఒక్కటే చూచినచో అది ఎంత తక్కువ చెప్పునో గమనింపుడు. చంద్రునిపై గురుత్వ త్వరణము 1.62, భూమిపై 9.8. చంద్రునిపై అంతే ఎత్తునుండి ఒక రాయిని సెకనుకు సుమారు 4.07 మీటరుల వేగముతో అడ్డముగా విసరినచో అదికూడ 44.1 మీటరులు దిగునప్పటికి 30 మీటరులు ముందుకు పోవును. దారి వెంట్రుకవాసియైనను భేదము లేక అదే పరావలయము. కాని భూమిపై 3 సెకనులు పట్టిన పనికి అక్కడ సుమారు 7.4 సెకనులు పట్టును. రెండు లోకములందలి రెండు చలనములకు బొమ్మ ఒక్కటే! దారి తెలిసినంతమాత్రమున చలనము తెలియదు. సెకనుకొక చుక్క పెట్టినచో భేదము వెంటనే బయటపడును: భూమి బొమ్మలో ఆరంభపు చుక్కతో కలిపి 4 చుక్కలు, చంద్రుని బొమ్మలో 8.

ఇక దీనికి ఎదురు చిక్కు ఒకటున్నది. కాలమును అక్షముగా చూపిన గ్రాఫును విద్యార్థులు దారిగా చదువుదురు. సెకనుకు 19.6 మీటరుల వేగముతో నిట్టనిలువుగా ఎగురవేసిన బంతిని తలంపుడు. 0, 1, 2, 3, 4 సెకనులకు దాని ఎత్తులు 0, 14.7, 19.6, 14.7, 0 మీటరులు. వీనిని గ్రాఫు కాగితముపై గుర్తించి కలిపినచో చక్కని పరావలయము వచ్చును. బంతి మాత్రము ప్రక్కకు అంగుళమైనను జరుగలేదు! “బంతి వంపుగా పోయినది” అని వ్రాయు విద్యార్థి గ్రాఫును ఫోటోగా భావించుచున్నాడు. అమెరికాలోని వాషింగ్టన్ విశ్వవిద్యాలయమున మెక్‌డెర్మట్ మరియు సహచరులు 1987లో ప్రచురించిన పరిశీలనలో ఇటువంటి చిక్కులు వివరముగా చెప్పబడినవి. ఇది ఒక ఊరి పిల్లలకో ఒక భాష పిల్లలకో పరిమితమైనది కాదు.

ఇదే బంతికి వేగపు గ్రాఫు గీసినచో వంపు లేని సరళరేఖ వచ్చును. అది 19.6 వద్ద మొదలై, 2 సెకనుల వద్ద సున్నను దాటి, 4 సెకనులకు ఋణ 19.6 చేరును. దాని వాలు అంతటను ఋణ 9.8. శిఖరమున వేగము సున్న యైనను త్వరణము సున్న కాదని మాటలలో పదిసార్లు చెప్పుటకంటె, ఆ రేఖ సున్నను దాటుచోట వంగక సాగుట చూపుట మేలు. అయితే ఎత్తు గ్రాఫును, వేగపు గ్రాఫును, బంతి నిజమైన నిలువు దారిని ఒకే పుటలో ప్రక్కప్రక్కన పెట్టవలెను. ఒకటి చూపి తక్కినవి దాచిన పుస్తకము సగము పనియే చేసినది.

సమీకరణమున్నది గదా, బొమ్మలేల అని కొందరందురు. సమీకరణము ప్రతి క్షణమునకును లెక్క చెప్పును. ఏ బొమ్మకును అంత శక్తి లేదు. కాని ప్రశ్న అడుగువానికే అది జవాబు చెప్పును. అడుగవలసినదేమో తోపింపజేయునది బొమ్మ. ఈ సంగతి నెరిగినవారు చెరిగిన గుర్తులను మరల తెచ్చిరి. ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు మరే 1882 నుండి ఒకే పలకపై చలనముయొక్క వరుస క్షణములను ఫోటోలుగా పట్టెను. అమెరికాలో 1956లో ఏర్పడిన భౌతికశాస్త్ర అధ్యయన సంఘము 1960లో వెలువరించిన పాఠ్యగ్రంథమున, సమాన వ్యవధులలో వెలుగు మెరుపులతో తీసిన బంతుల ఫోటోలున్నవి. గెలీలియో గుర్తులు అందులో కంటికి కనబడు బంతులైనవి. నేటి కంప్యూటరు తెరపై కదలు బొమ్మలు ముచ్చటగానే ఉండును. కాని కదలి మాయమై, వెనుక జాడ విడువని బొమ్మను కొలుచుట ఎట్లు? దారిలో చుక్కలు విడుచుచు కదలు బొమ్మయే తరగతికి పనికివచ్చును.

ఉపాధ్యాయ మిత్రులు దీనిని తామే చేయవచ్చును. సెకనుకు 30 చిత్రములు తీయు సెల్‌ఫోను చాలును. దానిని కదలకుండ బల్లకు ఎదురుగా నిలిపి, బల్ల అంచునుండి గోలీ అడ్డముగా దొర్లిపడుట తీయుడు. చిత్రములో ఒక మీటరు బద్దకూడ నిలువుగా కనబడవలెను. ప్రతి మూడవ చిత్రమును ఆపి గోలీ స్థానమును గ్రాఫు కాగితముపై గుర్తించినచో చుక్కల నడుమ కాలము సెకనులో పదవవంతు. అడ్డపు ఎడములు ఇంచుమించు సమానముగా వచ్చును. మామూలు బల్ల ఎత్తునుండి పడుటకు సెకనులో నాలుగు పదులవంతులు పట్టును గనుక నాలుగు చుక్కలు దొరకును. గోలీ అంచును విడిచిన క్షణము చిత్రమునకు సరిగా చిక్కకపోవచ్చును, దానికి చింతింపనక్కరలేదు. నిలువు ఎడములను వరుసగా కొలిచి, ఒకదానినుండి దాని ముందుదానిని తీసివేయుడు. ప్రతిసారి 9.8 సెంటీమీటరులకు దగ్గరగా వచ్చును. గురుత్వ త్వరణము విద్యార్థి చేతి స్కేలు క్రిందికి వచ్చినట్లే.

గెలీలియో బొమ్మలను నేటి పుస్తకములలో యథాతథముగా అచ్చువేయనక్కరలేదు. దూరమును ప్రక్కకు నెట్టిన లోపమును, ఒకే గీతకు రెండు అర్థములిచ్చిన ప్రమాదమును మనము సవరించుకొనవచ్చును. కాని కాలపు గుర్తు లేనిదే చలనపు బొమ్మ గీయరాదను ఆయన పద్ధతిని విడుచుట నష్టము. ఇకముందు పరీక్షలో “ప్రక్షేపక మార్గమును గీయుము” అని అడుగునపుడు, “సమాన కాలవ్యవధులలో దాని స్థానములను గుర్తింపుము” అను మాటను చేర్చినచో, విద్యార్థి వంపును కంఠస్థము చేయుట మాని చలనమును చూచుట నేర్చును.